నీడ చూసి పంజా దించాలి: వీడియో గేముల్లోని క్లా మెషీన్‌లో బొమ్మలు గెలిచే పద్ధతి

పెద్ద కథతో నడిచే వీడియో గేముల్లో, ఏదో ఒక వీధి మలుపులోని దుకాణంలో, అద్దాల పెట్టె ఒకటి ఎదురవుతుంది. లోపల బొమ్మలు పరిచి ఉంటాయి, పైన ఒక పంజా వేలాడుతూ ఉంటుంది, పక్కన బొమ్మ బయటికి పడే గుంత ఉంటుంది. అప్పటిదాకా ఎంతటి శత్రువునైనా పడగొట్టుకుంటూ వచ్చిన ఆటగాడు ఆ పెట్టె ముందు పది నిమిషాలు నిలబడి, చివరికి అది అదృష్టం మీద నడిచే వ్యవహారమని విసుక్కుని వెళ్ళిపోతాడు. అదృష్టం పాలు కొంత ఉన్న మాట నిజమే గాని, చాలా ఆటల్లో అది తక్కువే. పంజా అడ్డంగా ఎంత దూరం పోవాలి, లోపలికి ఎంత దూరం పోవాలి, బొమ్మను ఎక్కడ పట్టాలి అన్న మూడు విషయాలు కుదిరితే బొమ్మ చేతికి వస్తుంది. వీటిలో రెండోదే అందరినీ ముంచేది.

ఉదాహరణలకు మూడు ఆటలను తీసుకుంటాను. మొదటిది లెజెండ్ ఆఫ్ జెల్డా వరసలోని లింక్స్ అవేకెనింగ్. ఇది 1993లో నింటెండో కంపెనీ చేతి ఆటయంత్రం గేమ్ బాయ్ మీద వచ్చింది, 2019లో అదే కంపెనీ తెచ్చిన స్విచ్ అనే ఆటయంత్రం కోసం కొత్త రూపంలో మళ్ళీ తయారయింది. అందులోని మేబె గ్రామంలో ట్రెండీ గేమ్ అనే దుకాణం ఉంది, అక్కడ ఒక్కో ప్రయత్నానికి 10 రూపీలు తీసుకుంటారు. (ఆ రూపీలు రంగురాళ్ళు, పేరు విని మన రూపాయి అనుకోనక్కరలేదు.) రెండోది యాకుజా 0. దాని కథ 1988 డిసెంబరులో జరుగుతుంది, అందులో హీరో తిరిగే వీధుల్లో క్లబ్ సెగా అనే ఆటల దుకాణం, దానిలో యూఎఫ్ఓ క్యాచర్ అనే క్లా మెషీన్ ఉంటాయి. సెగా కంపెనీ నిజమైన యూఎఫ్ఓ క్యాచర్‌ను 1985లో తెచ్చింది గనక, కథా కాలానికి అది కొత్త ముచ్చటగానే ఉండి ఉంటుంది. మూడోది స్టార్‌డ్యూ వ్యాలీ, పల్లెలో పొలం చేసుకునే ఆట. ఆ ఊళ్ళో సినిమా హాలు కట్టిన తరవాత లోపల ఒక క్రేన్ గేమ్ దొరుకుతుంది, 500 బంగారు నాణేలు ఇస్తే మూడు అవకాశాలు వస్తాయి. ఈ మూడింటిలోనూ పంజాను ముందు ఒక దిక్కున, తరవాత ఇంకో దిక్కున నడిపి ఆపాలి, ఆ పైన అది తనంతట తానే దిగుతుంది. ఇష్టం వచ్చినట్టు అన్ని వైపులా తిప్పుకోనిచ్చే ఆటలు వేరే ఉన్నాయి, వాటి సంగతి మధ్యలో చెబుతాను.

ఈ విద్యలో అసలు సూత్రం నాకు గేమింగ్ తెలిసిన వాళ్ళెవరూ చెప్పలేదు. మా ఇల్లు విశాఖపట్నంలో, ఎం.వి.పి. కాలనీలో. సంక్రాంతి సెలవులకు వచ్చిన మా అక్క కూతురు హాల్లో టీవీకి స్విచ్ తగిలించుకుని ట్రెండీ గేమ్ దగ్గర కూర్చుంది. యోషి అనే డైనోసార్ బొమ్మ కోసం ఇరవై సార్లు పైనే వేసి ఉంటుంది, పంజా ప్రతిసారీ బొమ్మకు బెత్తెడు అవతలో ఇవతలో దిగేది. మా బాబాయి పోర్టులో చాలా ఏళ్ళు క్రేన్ ఆపరేటరుగా చేసి రిటైరయ్యారు. పేపరు చదువుకుంటున్న మనిషి అద్దాలు నుదుటి మీదికి నెట్టుకుని కాసేపు చూసి, "ఏటమ్మా, అలగ కంగారు పడిపోతావు? కొక్కేన్ని చూడకు. దాని నీడ ఎక్కడ పడిందో చూడు," అన్నారు. "మీరు పోర్టులో నీడ చూసే దించేవారా తాతయ్యా?" అని అది అడిగింది. "మాకు ఎక్కడ కుదిరేది? పొద్దున్న నీడ ఓ పక్కకి, సాయంత్రం ఇంకో పక్కకి పడేది. అందుకే కింద సిగ్నల్ మేన్ చేత్తో సైగ చేసేవాడు. నీ ఆటలో ఎప్పుడూ మిట్టమధ్యాహ్నమే కదా," అన్నారు ఆయన.

ఆయన అన్న మాటలో మొత్తం కిటుకు ఉంది. టీవీ తెర చదునుగా ఉంటుంది. పంజా పైన వేలాడుతుంది, బొమ్మ కింద ఉంటుంది, కెమెరా ఎదురుగా కొంచెం పైనుంచి చూస్తుంది. అందువల్ల తెర మీద పంజా, బొమ్మ ఒకదాని కింద ఒకటి ఉన్నట్టు కనబడినంత మాత్రాన అవి నిజంగా ఒకే నిలువు గీతలో ఉన్నట్టు కాదు. అడ్డంగా నడిపేటప్పుడు కన్ను పెద్దగా మోసపోదు, లోపలికీ బయటికీ నడిపేటప్పుడు మాత్రం ప్రతిసారీ మోసపోతుంది. ఆట తయారు చేసినవాళ్ళు ఈ ఇబ్బంది తెలిసే పంజాకు సరిగ్గా కింద నేల మీద ఒక నల్లటి నీడను గీస్తారు. సూర్యుడు నడినెత్తిన ఉన్నట్టు అది ఎప్పుడూ నిట్టనిలువుగానే పడుతుంది. ఆ నీడ పడిన చోటే పంజా దిగే చోటు. కనక బటన్ నొక్కిన క్షణం నుంచి వదిలే క్షణం దాకా కన్ను నీడ మీదే ఉండాలి. పంజాను పూర్తిగా మరిచిపోవాలి. చెప్పడానికి సులువుగా ఉన్నా, కదిలే వస్తువు వైపు కన్ను దానంతట అదే పోతుంది గనక, అలవాటు కావడానికి పది పదిహేను సార్లు పడుతుంది. మా మేనకోడలు తెర పై సగానికి అట్ట అడ్డం పెట్టుకుని సాధన చేసింది, అది చూడటానికి నవ్వు తెప్పించినా బాగా పనిచేసింది.

నీడలో ఇంకో మెలిక ఉంది. బొమ్మ నేల మీద నిలబడి ఉంటే నీడ బొమ్మ నెత్తి మీదికి ఎక్కుతుంది. అప్పుడు అది బొమ్మ ముఖం మీద పడినట్టు కనిపించి, ఇంకా ముందుకు నడపాలేమోనన్న అనుమానం పుడుతుంది. బొమ్మ ఆక్రమించిన నేల ఎంతమేరకు ఉందో అంచనా కట్టుకుని, దాని నడుమకు నీడ రావాలన్న లెక్కతోనే ఆపాలి. కెమెరాను పక్కకు తిప్పుకోనిచ్చే ఆటల్లో ఈ బాధ ఉండదు. ముందు ఎదురుగా నిలబడి అడ్డం కొలత సరిచూసుకోవాలి, తరవాత పక్క అద్దంలోంచి చూస్తూ లోతు కొలత సరిచూసుకోవాలి. మీ ఆటలో చూపు మార్చే వీలు ఉందో లేదో డబ్బు వేయకముందే కంట్రోలర్ మీది రెండో స్టిక్‌ను కదిపి తెలుసుకోండి, చాలామంది ఆట పూర్తయ్యాక గాని ఆ సంగతి గమనించరు.

ఇప్పుడు పనిలోకి వద్దాం. మొదటి రెండు ప్రయత్నాలూ బొమ్మ కోసం ఆడకూడదు, యంత్రాన్ని చదవడానికి ఖర్చు పెట్టాలి. బటన్ వదలగానే పంజా అక్కడికక్కడే ఆగుతుందా, లేక కొంచెం జారి ఆగుతుందా అన్నది మొదట చూడాలి. జారేటట్టయితే ఎంత జారుతుందో బొమ్మ వెడల్పుతో పోల్చి గుర్తుపెట్టుకోవాలి, ఎందుకంటే ఆ జారుడు ప్రతిసారీ ఒకేలా ఉంటుంది. పంజా వేళ్ళు ఎన్ని ఉన్నాయి, అవి అడ్డంగా తెరుచుకుంటున్నాయా, చుట్టూ తెరుచుకుంటున్నాయా అన్నది రెండోది. పంజా పైకి వెళ్ళి ఆగేచోట కుదుపు ఉందా అన్నది మూడోది. బొమ్మ అంచుకు చిక్కి పైదాకా వచ్చి జారిపోవడం మీరు చూసే ఉంటారు, అది చాలావరకు ఆ పై కుదుపు దగ్గరే జరుగుతుంది. ఈ మూడూ తెలిసిన తరవాత మిగతాదంతా లెక్క.

లెక్క అన్నాను గనక బటన్‌ను ఎంతసేపు నొక్కి ఉంచాలన్నది ఎలా కొలవాలో చెబుతాను. కంటితో చూసి సరిగ్గా సమయానికి వదులుదామనుకుంటే ఎప్పుడూ ఆలస్యమే అవుతుంది. కళ్ళు చూసినది వేలికి చేరడానికి మామూలు మనిషికి సుమారు పావు సెకను పడుతుంది, దానికి టీవీ ఆలస్యం తోడవుతుంది. సెకనుకు 60 ఫ్రేములు (తెర మీద మారే చిత్రాలు) చూపే ఆటలో పావు సెకను అంటే 15 ఫ్రేములు, అంత సేపట్లో పంజా గురి దాటి పోవచ్చు. అందువల్ల చూసి వదలడం కన్నా లెక్కపెట్టి వదలడం మేలు. గడియారం పెట్టుకోనక్కరలేదు. సంగీతం క్లాసుకు వెళ్ళిన పిల్లలున్న ఇల్లయితే మరీ సులువు, "తకధిమి తకధిమి" అని ఒకే వేగంతో పైకి అంటూ బటన్ నొక్కితే చాలు. ఉదాహరణకు ఒక చివర నుంచి ఇంకో చివరకు పంజా పోవడానికి మూడు తకధిములు, అంటే పన్నెండు అక్షరాలు పట్టిందనుకుందాం. మీ బొమ్మ సరిగ్గా మూడో వంతు దూరంలో ఉంటే నాలుగో అక్షరం పూర్తవగానే వదలాలి. ఒక్కసారి గురి తప్పినా అరక్షరం ముందుగా వదలాలా, అరక్షరం ఆగాలా అన్నది వెంటనే తెలిసిపోతుంది. వట్టి కంటితో ఆడేవాడికి ఈ దిద్దుబాటు దొరకదు, తప్పు ఎటు జరిగిందో తెలిసినా ఎంత జరిగిందో తెలియదు.

టీవీ ఆలస్యం మాట వచ్చింది. ఇప్పటి పెద్ద టీవీలు చిత్రాన్ని అందంగా చూపడం కోసం లోపల ఏవేవో సవరణలు చేస్తాయి. దాంతో మీరు బటన్ వదిలిన తరవాత తెర మీద పంజా ఇంకా నడుస్తూనే ఉంటుంది. సెట్టింగుల్లో గేమ్ మోడ్ అని ఒకటి ఉంటుంది, దాన్ని వేసుకుంటే ఈ ఆలస్యం బాగా తగ్గుతుంది. స్విచ్‌ను టీవీకి తగిలించకుండా చేత్తో పట్టుకుని దాని చిన్న తెర మీద ఆడితే ఇంకా నయం. నేను ఈ పని చేయక ముందు తప్పంతా నా వేలిదే అనుకునేవాణ్ణి.

ఊపు గురించి బాబాయి దగ్గర నేర్చుకున్నది ఇంకొకటి ఉంది. తాడుకు వేలాడే బరువును నడిపించి ఒక్కసారి ఆపితే అది లోలకంలా ముందుకీ వెనక్కీ ఊగుతుంది. బీచ్ రోడ్డు నుంచి చూసినా, డాల్ఫిన్స్ నోస్ కొండ పక్కగా వచ్చే ఓడల్లోంచి సరుకు దింపేచోట చూసినా, అనుభవం ఉన్న ఆపరేటరు ఊగుతున్న బరువును ఎన్నడూ దించడు, ఊపు చచ్చే దాకా ఆగుతాడు. తాడు ఎంత పొడవుంటే ఊగడానికి అంత ఎక్కువ సేపు పడుతుంది. ఆటల్లో కూడా కొన్నిటిలో ఈ ఊపును అచ్చంగా లెక్కగట్టి పెడతారు. మొదటి బటన్ వదిలాక రెండోది వెంటనే నొక్కాలన్న నిబంధన సాధారణంగా ఉండదు. కాబట్టి మధ్యలో ఆగండి, పంజా నిలకడగా వేలాడే దాకా చేతులు కట్టుకుని చూడండి. స్టార్‌డ్యూ వ్యాలీలో మాత్రం ఒక్కో అవకాశానికి 20 సెకన్ల గడువు ఉంటుంది. అయినా ముందు కుడికి, తరవాత తెర మీద కిందికి నడిపి ఆపడానికి అంత సమయం అక్కరలేదు, కాబట్టి గడియారం చూసి తొందరపడితే మీరే నష్టపోతారు. అన్ని వైపులా తిప్పుకోనిచ్చే ఆటల్లోనూ ఇదే పద్ధతి. పంజాను మూలగా నడపకుండా ముందు అడ్డంగా, ఆ తరవాత లోపలికి నడపండి. చివరి రెండు మూడు సెకన్లు దాన్ని కదపకుండా వదిలేయండి.

ఇక బొమ్మను ఎక్కడ పట్టాలన్నది. అసలు రుచి ఇక్కడే ఉంది గనక కొంచెం తీరిగ్గా చెబుతాను. కొందరు బొమ్మ నడిమధ్యకు గురిపెడతారు. అది తప్పు. బొమ్మ కొలత మధ్య వేరు, బరువు మధ్య వేరు. మెత్తటి బొమ్మలకు తల పెద్దది, ఒళ్ళు చిన్నది. నడుం దగ్గర పట్టుకుంటే తల బరువుకు బొమ్మ తలకిందులై వేళ్ళలోంచి జారుతుంది, మెడ దగ్గర పట్టుకుంటే వేళ్ళు తల కిందికి చేరి తలే వేళ్ళ మీద కూర్చుంటుంది. పోర్టులో పొడవాటి ఇనుప దూలాలకు తాడు కట్టేటప్పుడు కూడా ఇదే చూస్తారట. ఒక చివర లావుగా ఉన్న సరుకుకు తాడు ఆ లావు వైపుకు జరిపి కడితేనే అది సమంగా లేస్తుందని బాబాయి చేతి గొడుగును వేలి మీద నిలబెట్టి చూపించారు. పిడి బరువు గనక వేలు పిడి వైపుకే పోయింది. మీ ఇంట్లోనూ గొడుగో గరిటో తీసుకుని ఒక్కసారి ఇలా చేసి చూడండి, ఆ తరవాత బొమ్మను చూసే చూపే మారిపోతుంది.

పంజా ఎటు తెరుచుకుంటుందో కూడా దీనితో కలిపి చూసుకోవాలి. యూఎఫ్ఓ క్యాచర్‌కు రెండు చేతులు ఉంటాయి, అవి ఎడమకూ కుడికీ విచ్చుకుంటాయి. అందువల్ల బొమ్మ సన్నపు వైపు ఆ రెండు చేతుల మధ్యకు వచ్చేటట్టు పడి ఉన్నదాన్ని ఎంచుకోవాలి. అడ్డంగా పొడుగ్గా పడుకున్న బొమ్మ మీదికి దించితే చేతులు దాని పొట్ట మీద ఆని, లోపలికి పోకుండా పైపైనే మూసుకుని ఉత్త చేతులతో తిరిగి వస్తాయి. అలాంటి బొమ్మను ఎత్తే ప్రయత్నం మాని తోయాలి. పంజాను బొమ్మ మధ్యకు కాకుండా ఒక చివరకు దించితే, దిగేటప్పుడు ఒక చేయి బొమ్మ చివరను నొక్కుతుంది, మూసుకునేటప్పుడు దాన్ని ఈడుస్తుంది, దానితో బొమ్మ కొంచెం తిరుగుతుంది. అది తిరిగిన తరవాత రెండో ప్రయత్నంలో సన్నపు వైపు మీకు ఎదురవుతుంది. అంటే ఒక బొమ్మకు రెండు ఆటల ఖర్చు ముందే లెక్కలో వేసుకోవాలన్నమాట. ఒక్క దెబ్బకు గెలవాలని పట్టుబట్టి ఆరుసార్లు ఓడిపోవడం కన్నా ఇది చవక.

గుంత అంచున ఉన్న బొమ్మల విషయంలో ఎత్తడం అసలే అక్కరలేదు. పంజా చేయి ఒకటి బొమ్మకు గుంత లేని వైపున పడేటట్టు దించి, మూసుకునే ఆ చేత్తో బొమ్మను గుంత వైపుకు నెట్టితే అది దొర్లి పడిపోతుంది. బొమ్మ సగం గుంత మీదికి వేలాడుతున్నట్టు కనిపిస్తే దాని గాలిలో ఉన్న సగాన్ని పైనుంచి నొక్కడం ఇంకా మంచిది. ఎత్తకుండా గెలిస్తే అది గెలుపు కాదేమోనని మా మేనకోడలికి అనుమానం వచ్చింది గాని, బహుమతి ఇచ్చేటప్పుడు ఆట ఆ తేడా చూడదు.

ఏ బొమ్మ ముందు, ఏ బొమ్మ తరవాత అన్న వరస కూడా ఉంది. మనసు పడ్డ బొమ్మ ఎప్పుడూ ఒక మూల, ఇంకో రెండింటి కింద నలిగి ఉంటుంది. దాని మీదికి నేరుగా పోతే వేళ్ళు పై బొమ్మలకు తగిలి పక్కకు తప్పుకుంటాయి. ముందు గుంతకు దగ్గరగా ఒంటరిగా ఉన్నవి తీసేయండి, దారి ఖాళీ అవుతుంది. ఆ తరవాత పైనున్న వాటిని గెలవాలన్న ఆశ లేకుండా పక్కకు లాగి పారేయండి. చివరికి కావలసిన బొమ్మ ఒంటరిగా మిగులుతుంది. పేర్చిన తీరే అన్యాయంగా ఉంటే, పెట్టె దగ్గర నుంచి తప్పుకుని దుకాణం బయటికి వెళ్ళి మళ్ళీ లోపలికి రండి. చాలా ఆటల్లో బొమ్మలు కొత్తగా సర్దుకుంటాయి. అయితే మీరు కష్టపడి గుంత అంచు దాకా తెచ్చిన బొమ్మ కూడా మొదటి చోటికి పోతుంది గనక, సగం పని అయిన తరవాత బయటికి వెళ్ళకండి.

బెల్ట్ మీద నడుస్తూ పోయే బహుమతులది వేరే పాఠం. బొమ్మ ఉన్న చోటికి పంజాను దించితే అది దిగేసరికి బొమ్మ అక్కడ ఉండదు. చేయకూడని పనే అయినా, జగదాంబ జంక్షన్‌లో కదులుతున్న సిటీ బస్సు ఎక్కేవాడు తలుపు ఉన్న చోటికి కాకుండా తలుపు రాబోయే చోటికి పరిగెత్తుతాడు, ఇక్కడ చేయవలసింది అదే. పంజా దిగి మూసుకోవడానికి ఎన్ని అక్షరాలు పడుతున్నాయో మొదట లెక్కించండి, అయిదు అనుకుందాం. బెల్ట్ మీద బొమ్మ తన వెడల్పంత దూరం కదలడానికి రెండు అక్షరాలు పడుతున్నాయనుకుందాం. అప్పుడు బొమ్మ నీడకు రెండున్నర వెడల్పులు ఇవతల ఉండగానే పంజా దిగడం మొదలవాలి. రెండో బటన్ వదలడంతోనే పంజా దిగే ఆటల్లో నీడను ముందే బెల్ట్ మీద ఒక చోటికి తెచ్చి ఆపడం కుదరదు, వదిలే క్షణమే దింపే క్షణమవుతుంది. కాబట్టి బొమ్మ ఎక్కడ ఉండగా రెండో బటన్ నొక్కడం మొదలుపెట్టాలో వెనక్కి లెక్కగట్టుకోవాలి. కష్టమే. అందుకే నిలకడగా ఉన్న బహుమతి పనికొచ్చేదైతే బెల్ట్ జోలికి పోవద్దనే చెబుతాను.

ఇన్ని కుదిరినా బొమ్మ జారిపోవడం ఉంటుంది. దీనికి రెండు కారణాలు ఉండవచ్చు. కొన్ని ఆటలు బరువు, రాపిడి లెక్కగడతాయి. స్విచ్ మీది లింక్స్ అవేకెనింగ్ అలాంటిదే, అక్కడ అంచుకు పట్టిన బొమ్మ దారిలో జారడం సహజం, మీరు గురి దిద్దుకుంటే జారుడు తగ్గుతుంది. కొన్ని ఆటలు మాత్రం లోపల పాచికలు వేసి ఇంతమందిలో ఒకరికి జారాలని తేల్చుకుంటాయి, అక్కడ మీ గురిలో లోపం లేకపోయినా బొమ్మ పడుతుంది. ఏది ఏదో తెలుసుకోవడానికి ఒకటే ఉపాయం. బరువు మధ్యన చక్కగా పట్టిన బొమ్మ జారిందంటే మీ పద్ధతి మార్చకుండా అదే ప్రయత్నం మళ్ళీ చేయండి. అంచుకు పట్టిన బొమ్మ జారిందంటే గురి మార్చండి. జారిన ప్రతిసారీ పద్ధతి మార్చేవాడికి ఏ పద్ధతీ పట్టుబడదు.

నిజం మెషీన్లతో ఈ ఆటలను పోల్చి నిరుత్సాహపడనక్కరలేదు. మా ఊళ్ళోనే ఒక మాల్ పై అంతస్తులో మేనకోడలికి టెడ్డీ తీసిపెడతానని గొప్పలు పోయి, మూడు వందల రూపాయలు పోగొట్టుకుని, చివరికి కింద కొట్లో బొమ్మ కొనిచ్చాను. పంజా బొమ్మను పట్టుకునేది, గాలిలోకి లేవగానే వేళ్ళు నీరసించిపోయేవి. నిజం యంత్రాల్లో పట్టు ఎంత గట్టిగా ఉండాలో యజమాని అమర్చుకునే వీలుంటుంది, అక్కడ మన నేర్పుకు ఒక గీత దాటి విలువ లేదు. వీడియో గేమ్‌లో ఆ పెట్టె పెట్టినవాడికి మీ 10 రూపీలతో వ్యాపారం లేదు, మీరు గెలిచి కథలో ముందుకు పోవాలనే అతను కోరుకుంటాడు.

డబ్బు సంగతి క్లుప్తంగా చెప్పి వదిలేస్తాను. లింక్స్ అవేకెనింగ్‌లో ఊరి చుట్టూ గడ్డి నరికితే రూపీలు దొరుకుతాయి, ఓ వంద చేతిలో ఉంచుకుని దుకాణంలోకి అడుగుపెడితే పది ప్రయత్నాలు నిశ్చింతగా చేయవచ్చు. స్టార్‌డ్యూ వ్యాలీలో పొలం మొదటి రోజుల్లో 500 నాణేలు పెద్ద మొత్తం గాని, సినిమా హాలు కట్టే రోజుకు అది లెక్కలోకి రాదు. ఆట భద్రపరచుకుని, ఓడితే వెనక్కి వెళ్ళే చిట్కా పనికొస్తుందా అన్నది ఆటను బట్టి ఉంటుంది. లింక్స్ అవేకెనింగ్‌లో ఎక్కడైనా భద్రపరచుకోవచ్చు గనక దుకాణం తలుపు దగ్గర ఆ పని చేసి లోపలికి వెళ్ళండి. యాకుజా 0లో వీధిలోని ఫోన్ బూత్ దాకా నడవాలి. స్టార్‌డ్యూ వ్యాలీలో రాత్రి పడుకుంటేనే ఆట భద్రమవుతుంది, కాబట్టి వెనక్కి వెళ్ళాలంటే ఆ రోజు చేసిన పని మొత్తం పోతుంది. మూడు బొమ్మల కోసం ఒక రోజు పంట పని మళ్ళీ చేయడం నాకైతే గిట్టుబాటు కాలేదు. పైగా కొన్ని రోజులు ఆ క్రేన్ దగ్గర ఇంకెవరో నిలబడి ఆడుతూ ఉంటారు, ఆ రోజుకు మీకు అవకాశమే ఉండదు.

యోషి బొమ్మ మీద ఇంత పట్టుదల ఎందుకంటే, లింక్స్ అవేకెనింగ్‌లో అది వట్టి అలంకారం కాదు. పద్నాలుగు వస్తువుల మారకం దానితోనే మొదలవుతుంది. బొమ్మను మేబె గ్రామంలోనే పసిపిల్లలున్న ఇంటి తల్లికి ఇస్తే రిబ్బను ఇస్తుంది, రిబ్బనును ఊళ్ళో ఉన్న చిన్న కుక్కకు ఇస్తే కుక్క తిండి డబ్బా ఇస్తుంది, అలా అరటిపళ్ళు, కర్ర, తేనెపట్టు దాటుకుంటూ చివరికి భూతద్దం దాకా పోతుంది. ఆ భూతద్దం ఉంటే గాని గ్రంథాలయంలోని సన్న అక్షరాల పుస్తకం చదవలేరు, అది చదివితే గాని ఆఖరి ఘట్టంలో దారి తెలియదు. కొత్త రూపంలో డంజన్లు, అంటే శత్రువులుండే గుహల్లాంటి చోట్లు, దాటుతున్న కొద్దీ ఇదే పెట్టెలోకి మారియో ఆటల్లోని శత్రువుల బొమ్మలు కూడా వస్తాయి, వాటిని గెలిచి ఊళ్ళోని ఇళ్ళల్లో వాటికోసం ఉంచిన పీటల మీద పెట్టవచ్చు. ఆ బొమ్మలు ఒక్కోటి ఒక్కో ఆకారం, ఒక్కో బరువు గనక, మెడ ఎక్కడ, నడుం ఎక్కడ అన్న లెక్క ప్రతిదానికీ కొత్తగా వేసుకోవాలి.

మా మేనకోడలు ముక్కనుమ నాడు నీడ చూసి, తకధిమి చెప్పుకుంటూ, మూడో ప్రయత్నంలో యోషిని తీసింది. రిబ్బను పుచ్చుకుని, ఆట భద్రపరచి పడుకుంది. మర్నాడు పొద్దున్న తెరిచి చూస్తే చేతిలో 80 రూపీలు తక్కువ ఉన్నాయి. హాల్లో బాబాయి పేపరు అడ్డం పెట్టుకుని కూర్చున్నారు. ఎనిమిది సార్లు వేసినట్టు లెక్క తేలింది గాని, ఏం తీశారో ఇప్పటికీ చెప్పలేదు.